పర్యాయపద పరివృత్తి – ధర్మపురి శతక మకుటము

ఒక పదమును తీసి దాని పర్యాయపదము నుంచినచో అర్థము చెడదని విద్యార్థులకు మనము బోధించుచున్నాము. ఈ మాట యెంతవరకు నిలుచునో కరీంనగరము, ఆదిలాబాదు ప్రాంతములవారికి చిరపరిచితమైన యొక శతకము నాధారముగా గొని మేమిట పరిశీలింపదలచితిమి.

పదము మార్చినను నిలుచునది యర్థాలంకారమనియు, మార్చగనే నశించునది శబ్దాలంకారమనియు మమ్మటుడు కావ్యప్రకాశమున నిర్ణయించెను. పదములు పరివృత్తిని సహింపని స్థితి అంతకు పూర్వమే వామనుని గ్రంథమున శబ్దపాకమని వ్యవహరింపబడినది.

ధర్మపురి గోదావరి యొడ్డున వెలసిన నృసింహక్షేత్రము. పూర్వము కరీంనగరము జిల్లాలోనిది. 2016లో జగిత్యాల జిల్లాలో చేరినది. ఆ క్షేత్రస్వామిపై శేషప్ప కవి రచించిన నరసింహ శతకమున సీసపద్యముల చివర తేటగీతిలో మకుటము వచ్చును. మకుటపు తొలిపాదము 'భూ' అను అక్షరముతో మొదలగును. అందలి నాలుగవ గణము 'పుర' శబ్దముతో మొదలగును. భకార పకారములకు యతి చెల్లినది. 'పుర' బదులు 'నగర' యని, తరువాతి 'నివాస'ను 'వాస'గా మార్చినచో గణములు సరిపోవును, అర్థము చెడదు. యతి మాత్రము తప్పును. రెండవ పాదమున 'దురిత' తీసి 'కలుష' యుంచినను ఇంతే. రెండును నగణములే, రెండింటికిని పాపమనియే యర్థము, పోవునది యతియే.

ఇది ఛందోనిర్బంధమే గాని కవిప్రజ్ఞ కాదని కొంద రాక్షేపింపవచ్చును. దీనికి సమాధానము 'నరసింహ' శబ్దమున నున్నది. అది సలము. దాని స్థానమున నలమైన 'నరహరి' చక్కగా నొదుగును. అది యతిస్థానము కాదు, హరిశబ్దమునకు సింహమను నర్థము కలదు, దేవుడును మారడు. అయినను దానికి ముందున్న 'సంహార'లోని సకారము, సున్నతో గూడిన హకారము 'సింహ'లో మరల మ్రోగుచున్నవి. 'నరహరి' యనగనే ఆ మ్రోత యడగును. 'హార', 'హరి' యను వేరొక పోలిక పుట్టునందురేని పుట్టును. కాని యది మనము కల్పించినది, కవి కూర్చినది కాదు. ఛందస్సు స్వేచ్ఛ నిచ్చిన చోట కవి చెవియే పదమును నిర్ణయించినది.

ఇక పాపము పోగొట్టుమని వేడువాడు స్వామిని 'దురితదూర' యని పిలుచుటలో పరికరాలంకారము కలదు. 'కలుషదూర' యన్నను అది చెడదు. ఒక్క మకుటమునందే పోవునదియు, నిలుచునదియు రెండును కనబడుచున్నవి.

ఈ వివేకము పరిశోధనమునకును అవసరము. అన్యుల వాక్యములను పర్యాయపదములతో మార్చి తమవిగా సమర్పించు పద్ధతి నేడు మన సిద్ధాంతవ్యాసములలో కానవచ్చుచున్నది. గ్రంథచౌర్య నివారణకై విశ్వవిద్యాలయ నిధుల సంఘము 2018లో నిబంధనలు చేసినది. పదసామ్యమును లెక్కించు యంత్రము ఇట్టి మార్పువలన మోసపోవచ్చును. మమ్మటుని పరీక్ష మోసపోదు. పదములు మారినను నిలిచిన భావము మొదటివానిదే. కావ్యమున పదము మార్చినచో పోవుదానిని, పరిశోధనమున పదము మార్చినను పోనిదానిని విద్యార్థిచే గుర్తింపజేయుట యధ్యాపకుల విధియని మా యభిప్రాయము.