ముద్దయీ ముద్దాయి అయిన కథ

ఉర్దూలో 'ముద్దయీ' అంటే దావా వేసినవాడు. నాకు అన్యాయం జరిగింది, నా హక్కు నాకు ఇప్పించండి అని కచేరీ మెట్లెక్కినవాడు. అదే మాట తెలుగులోకి వచ్చి 'ముద్దాయి' అయ్యింది. అర్థం మాత్రం తలకిందులైంది. తెలుగు పత్రికల్లో, పోలీసుల ప్రకటనల్లో ముద్దాయి అంటే నేరం మోపబడ్డవాడు. మాటలు ఇట్లా తిరగబడటం భాషలో మామూలే కావచ్చు. కాని ఈ దేశంలో మా బతుకును ఒక్క మాటలో చెప్పమంటే మేము ఈ మాటనే చూపిస్తాం. మేము అడగబోతే మమ్మల్నే నిలదీస్తారు. ఫిర్యాదు పట్టుకుని పోయి నేరం మోసుకుని వస్తాం.

సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ కోర్టుల్లో ఒక పూట నిలబడి వినండి. వకీలు, వకాల్తా, దావా, ఫిర్యాదు, పేషీ, హాజరు, జప్తు, రాజీ, జమానతు, నకలు, దస్తావేజు. అన్నీ అరబీ, ఫారసీల నుంచి ఉర్దూ మీదుగా నడిచొచ్చిన మాటలే. పొలం గెట్టు పంచాయితీ మీద వచ్చిన రైతూ, మిల్లులో బస్తాలు మోసే హమాలీ అవే మాట్లాడతారు. 1884లో హైదరాబాద్ రాజ్యంలో ఫారసీ పోయి ఉర్దూ పాలనాభాష అయ్యింది. 1918లో ఉస్మానియా యూనివర్సిటీ ఉర్దూ మాధ్యమంతోనే మొదలైంది. అప్పుడు కోర్టు ఉర్దూ ముస్లింలకే సొంతం కాదు. ఉర్దూ, ఫారసీ పండితుడైన బూర్గుల రామకృష్ణారావు కూడా వకీలే.

అంతమాత్రాన అది స్వర్ణయుగమని మేము అనం. తెలుగు రైతుకు ఆనాటి ఉర్దూ డిక్రీ ఎంత అర్థం కాని కాగితమో, మాకు ఇవాళ ఇంగ్లీషు ఆర్డరు అంతే. రాజు మతం మాదే గాని రాజ్యం మాది కాదు. అందుకు సాక్షి షేక్ బందగీ. జనగామ తాలూకా అప్పట్లో నల్లగొండ జిల్లాలో ఉండేది. అక్కడి కామారెడ్డిగూడెం పేదరైతు బందగీ, తన భూమి కోసం విసునూరు దేశ్‌ముఖ్ బలానికి ఎదురు నిలిచి కోర్టుకు పోయాడు. గెలిచాడు. 1940 జులై 27న దేశ్‌ముఖ్ గూండాలు ఆయన్ని చంపేశారు. నిజాం పాలనలో, ఉర్దూ కోర్టులో, ఒక ముస్లిం గెలిచిన కేసు ఆయన ప్రాణం కాపాడలేకపోయింది. ముస్లింలందరినీ నవాబుల వారసులుగా చూసే మిత్రులు బందగీ పేరు ఒక్కసారి తలచుకోవాలి.

1948 తర్వాత కోర్టు భాష మారింది. ఉర్దూలో చదివి, ఉర్దూలో వాదించిన వకీళ్లు, అర్జీలు రాసి పొట్టపోసుకునే మున్షీలు నడివయసులో చదువురానివాళ్ల కింద జమ అయ్యారు. అందులో హిందువులూ ఉన్నారు, ముస్లింలూ ఉన్నారు. ఆ బాధ ఎట్లాంటిదో 2024 జులై 1న లాయర్లకు కొంత తెలిసొచ్చింది. 1860 నాటి శిక్షాస్మృతి పోయి భారతీయ న్యాయ సంహిత వచ్చింది. హత్యకు 302 పోయి 103 వచ్చింది. మోసానికి 420 పోయి 318 వచ్చింది. ముప్పై ఏళ్ల ప్రాక్టీసు ఉన్న సీనియరు కూడా జూనియరు లాగా పేజీలు తిప్పవలసి వచ్చింది. బజార్లో మోసగాడు మాత్రం ఇంకా చార్ సౌ బీస్ గాడే. అంకెలు మారితేనే లాయరుకు ఇంత తంటా అయితే, చట్టం భాషే తనది కానివాడి సంగతేమిటి? 2017లో తెలంగాణ అంతటా ఉర్దూ రెండో అధికారభాష అయ్యింది. అది బోర్డుల మీదికి ఎక్కినంత సులువుగా తీర్పు కాగితం మీదికి దిగలేదు.

ఇక జమానతు సంగతి. బెయిలు వచ్చినా జామీనుదారులు కావాలి. వాళ్లకు పాస్‌బుక్కో, ఇంటిపన్ను రసీదో ఉండాలి. కిరాయి ఇంట్లో ఉంటూ సైకిళ్లు బాగుచేసుకునేవాడికి, తోపుడుబండి మీద పండ్లు అమ్ముకునేవాడికి అవి ఎక్కడివి? కోదాడ అంచునే ఆంధ్ర సరిహద్దు. చుట్టాలు జగ్గయ్యపేటలో ఉంటారు. 2016లో సూర్యాపేట వేరే జిల్లా అయినాక, కోదాడ అందులోకి పోయింది, మిర్యాలగూడ నల్లగొండలోనే మిగిలింది. ఒకే ఇంటి అన్నదమ్ములు రెండు జిల్లాలవాళ్లయ్యారు. జామీనుదారు వేరే జిల్లావాడని కాదనటం తప్పని 1978లోనే మోతీరామ్ అనే తాపీమేస్త్రీ కేసులో జస్టిస్ కృష్ణయ్యర్ తీర్పు చెప్పాడు. పేదవాడి బెయిలు దరఖాస్తులో ఆ తీర్పును గుర్తుచేసే వకీలు ఉండాలి. ఉన్నా, అతనికి ఫీజు ఇచ్చుకునే శక్తి ఉండాలి. చట్టం పుస్తకంలో ఉన్న హక్కు మా గల్లీకి రావటానికి మధ్యలో ఇన్ని గడపలున్నాయి.

అందరికంటే ఎక్కువ గడపలు మా ఆడవాళ్లకే. 2024 జులై 10న సుప్రీంకోర్టు అబ్దుల్ సమద్ కేసులో తీర్పు ఇచ్చింది. అది తెలంగాణ నుంచి పోయిన కేసే. విడిచిపెట్టిన భార్యకు ఫ్యామిలీ కోర్టు నెలకు 20 వేలు మధ్యంతర భరణం ఇమ్మంది. హైకోర్టు దాన్ని 10 వేలు చేసింది. 1986 చట్టం ఉండగా 125 సెక్షను కింద ముస్లిం స్త్రీ అడగరాదని భర్త వాదన. జస్టిస్ నాగరత్న, జస్టిస్ మసీహ్ ఆ వాదనను కొట్టేశారు. 1985లో షాబానో అడిగిందీ ఆ పిడికెడు మెతుకులే. ఆ 125 ఇప్పుడు కొత్త సంహితలో 144 అయ్యింది. నిన్నటిదాకా 144 అంటే నలుగురు గుమిగూడరాదని. ఇవాళ 144 అంటే తిండి అడగవచ్చని.

ఇక్కడ ముద్దయీ ఎవరు? ఒక ఆడమనిషి. ముద్దాయి ఎవరయ్యారు? టీవీల్లో మొత్తం కౌమ్ ముద్దాయి అయ్యింది. మా పెద్దల దృష్టిలో ఆమే ముద్దాయి అయ్యింది. షరియత్‌కు ఖత్రా వచ్చిందని జల్సాలు పెట్టే పెద్దమనుషులు, మెహర్ బాకీ పడ్డ మొగుణ్ణి ఎన్నడన్నా పిలిచి అడిగారా? ప్రభుత్వం చేసిన మేలూ అంతంతే. 2019 చట్టం మూడు మాటల తలాక్ చెప్పినవాడికి మూడేళ్ల దాకా జైలు రాసింది. భార్యకు బత్తెం ఇవ్వాలనీ రాసింది. జైల్లో కూర్చున్నవాడు ఎక్కణ్ణుంచి తెస్తాడో మాత్రం రాయలేదు. ఆమె అన్నం అడిగింది. ప్రభుత్వం జైలు వడ్డించింది.

కొందరికి ముద్దాయిగా కోర్టులో నిలబడే హక్కు కూడా దక్కలేదు. 2015 ఏప్రిల్ 1 అర్ధరాత్రి దాటాక సూర్యాపేట బస్టాండులో కాల్పులకు ఒక కానిస్టేబులు, ఒక హోంగార్డు బలయ్యారు. 4న జానకీపురం దగ్గర ఇద్దరు అనుమానితులు, ఒక కానిస్టేబులు చనిపోయారు. డ్యూటీలో ప్రాణాలు పోగొట్టుకున్నవాళ్ల ఇళ్ల దుఃఖం మా దుఃఖమే. అయితే 7న ఆలేరు దగ్గర జరిగింది వేరు. వరంగల్ జైలు నుంచి హైదరాబాద్ కోర్టుకు తీసుకుపోతున్న ఐదుగురు ముస్లిం విచారణ ఖైదీలను పోలీసులు వ్యాన్‌లోనే కాల్చి చంపారు. ఆయుధాలు గుంజుకోబోయారన్నారు. ఫోటోల్లో శవాల చేతులకు బేడీలున్నాయి. వాళ్లు మంచివాళ్లని చెప్పటం మా పని కాదు. దోషులో కాదో తేల్చవలసింది కోర్టు. ఆ కోర్టుకు పోయే తోవలోనే వాళ్లను చంపారు. తర్వాత న్యాయం అడిగిన తల్లిదండ్రులు ముద్దయీలు. వాళ్లను కూడా టెర్రరిస్టుల ఇంటివాళ్లనే పిలిచారు.

మేము వేరే చట్టం అడగటం లేదు. ఉన్న చట్టం మా గడప దాకా రావాలంటున్నాం. తీర్పు నకలు మాకు చదవను వచ్చిన భాషలో ఇవ్వండి. ఆస్తి లేనివాడి మాటకు కూడా జమానతు విలువ కట్టండి. భరణం అడిగిన చెల్లెను కౌమ్ ద్రోహి అనటం మా పెద్దలు మానాలి. ఆమెను అడ్డం పెట్టుకుని మా మీద తీర్పులు చెప్పటం మీరు మానాలి. పేరు పిలిచినప్పుడు మేము బోనులోకే కాదు, దావా వేసినవాళ్లు నిలబడే చోటికి కూడా వస్తాం. అక్కడ మమ్మల్ని చూసినప్పుడు, ఏం చేశావని కాదు, నీకేం జరిగిందని అడగండి.