గొంతు పెంచని పాట

లలిత గీతాలు నేర్పే తొలి రోజుల్లో పిల్లలతో నేను ఎక్కువసార్లు అన్న మాట "ఇంకాస్త గట్టిగా, గొంతు విప్పి పాడమ్మా" అన్నదే. పదిహేనేళ్లు అదే చెప్పాను. దాన్ని నాచేత మాన్పించినావిడ మన దేశం మనిషి కాదు. ఆఫ్రికా పడమటి తీరానికి అవతల, అట్లాంటిక్ సముద్రం నడుమ ఉన్న కేప్ వెర్డీ దీవుల గాయని. పేరు సెజారియా ఎవోరా.

ఒక మిత్రుడు ఇచ్చిన సీడీలో మొదటిసారి ఆవిడ గొంతు విన్నాను. భాష ఒక్క ముక్క తెలియదు. గిటారు మెల్లగా నడుస్తోంది. పక్క గదిలో ఎవరో పెద్దావిడ శ్రుతి తప్పకుండా మాట్లాడుతున్నట్టు పాట మొదలైంది. ఎక్కడ పైకి వెళుతుందా, ఎక్కడ గొంతు బలం చూపిస్తుందా అని ఎదురుచూశాను. పాట అయిపోయింది గానీ ఆ చోటు రాలేదు. అప్పటికి నా కళ్లు తడిశాయి. గొంతు ఎత్తకుండా మనిషిని ఇలా ఎలా పట్టుకోగలిగింది? ఆ ప్రశ్న పట్టుకునే ఆవిడ బతుకులోకి వెళ్లాను.

కేప్ వెర్డీలో పది దీవులుంటే తొమ్మిదింటిలోనే జనం ఉంటారు. 1975 జూలై 5న స్వాతంత్ర్యం వచ్చేదాకా అది పోర్చుగీసుల ఏలుబడి. వాన నమ్మకంగా పడని నేల. 1940ల కరవుల్లో అక్కడ వేలకు వేల మంది చనిపోయారు. సెజారియా 1941 ఆగస్టు 27న సావో విసెంటే దీవిలోని మిందెలో రేవు పట్నంలో పుట్టింది. తండ్రి వయొలిన్ వాయించేవాడు. ఆవిడకు ఏడేళ్లప్పుడు పోయాడు. తల్లి వంటలు చేసి బతుకు లాగేది. పిల్లలందర్నీ సాకలేక పదేళ్ల కూతుర్ని అనాథాశ్రమంలో వేసింది. పదహారేళ్లకల్లా ఆ పిల్ల మిందెలో బార్లలో పాడుతోంది, ఆ తర్వాత రేవులో ఆగిన పోర్చుగీసు ఓడల మీదా పాడింది. చేతిలో పడేవి నాలుగు చిల్లర డబ్బులు, ఒక్కోసారి గ్లాసుడు మద్యం.

ఆవిడ పాడింది మోర్నా. ఆ దీవుల వాళ్లు తమ గుండె అని చెప్పుకునే పాట. నడక నెమ్మది. ఎక్కువగా దుఃఖపు ఛాయలో ఉంటుంది. మాటలు పోర్చుగీసులో కాదు, ఇళ్లలో మాట్లాడుకునే క్రియోల్‌లో. గిటార్లు, వయొలిన్, నాలుగు తీగల బుల్లి గిటారు కవాకీన్యో దానికి తోడు. బ్రావా దీవి కవి ఎవుజెనియో తవారెస్ మోర్నాకి ప్రేమనీ వీడ్కోలునీ ఇచ్చాడు. ఆ తర్వాత మిందెలోలోనే బి. లెజా అనే స్వరకర్త వచ్చాడు. రేవుకు వచ్చిపోయే బ్రెజిల్ సంగీతం ప్రభావంతో తీగల మేళవింపులో అరస్వరపు మెట్లు చేర్చాడు. ఒక స్వరసమూహం నుంచి ఇంకోదానికి గెంతకుండా జారే దారి అది. సెజారియా గొంతు నడిచింది ఆ దారినే. గమకంలో స్వరాన్ని ఊపే మన పద్ధతి కాదు ఇది. ఊపు లేదు. స్వరం మీద కాస్త వెనకగా, తాళం కంటే ఒక్క క్షణం ఆలస్యంగా వచ్చి వాలుతుంది. చెప్పడానికి తొందర లేని మనిషి మాట్లాడే తీరు.

ఆవిడ పాటల్లో లోకమంతా పాడుకున్నది 'సొదాద్'. దాన్ని కట్టింది సావో నికొలావు దీవికి చెందిన అర్మాందో జెఫెరీనో సోరెస్. సావో టోమే దీవిలోని కోకో తోటలకు కూలీకి పోయేవాళ్లను సాగనంపుతూ కట్టిన పాట అది. తిండి లేక ఒప్పందాల మీద ఓడెక్కినవాళ్లు వాళ్లు. ఆ పాట తనదేనని కోర్టులో తేలేసరికి సోరెస్‌కి ముసలితనం వచ్చేసింది. సొదాద్ అనే మాటకి ఏ భాషలోనూ సాటి మాట లేదని చాలామంది రాస్తుంటారు. నేను ఒప్పుకోను. మనకి 'బెంగ' ఉంది. అమ్మ ఊరెళితే పిల్ల బెంగ పెట్టుకుని జ్వరం తెచ్చుకుంటుంది. బెంగలో ఏడుపు పైకి వినపడదు, ఒళ్లు వేడెక్కుతుంది. సెజారియా సొదాద్ పాడే తీరు సరిగ్గా ఇదే.

స్వాతంత్ర్యం వచ్చిన రోజులు దీవులకు పండగ గానీ ఆవిడకు కావు. బార్లు మూతపడ్డాయి, ఓడలు తగ్గాయి, పాటకి డబ్బులిచ్చేవాళ్లు లేరు. దాదాపు పదేళ్లు ఆవిడ పాడలేదు. మిందెలోలో తల్లి దగ్గర ఉంటూ తాగుడులో పడింది. ఆ కాలాన్ని తర్వాత తన చీకటి రోజులనే చెప్పుకుంది. 1985లో అదే దీవికి చెందిన పేరున్న గాయకుడు బానా లిస్బన్‌కి పిలిపించి పాడించాడు. అప్పుడూ పెద్దగా ఏమీ జరగలేదు. 1987లో లిస్బన్‌లో ఒక రాత్రి జోజే ద సిల్వా ఆవిడ పాట విన్నాడు. కేప్ వెర్డీలో పుట్టి, ఫ్రాన్సు రైల్వేలో ఉద్యోగం చేస్తున్న మనిషి. పారిస్ వచ్చి రికార్డు చెయ్యమని అడిగాడు. అప్పటికి ఆవిడకు నలభై అయిదు దాటాయి.

పాట నేర్పేవాళ్లందరికీ నేను చెప్పాలనుకునేది ఈ తర్వాతి సంగతి. 1988లో వచ్చిన మొదటి రికార్డులో ఎలక్ట్రానిక్ వాద్యాలూ, డాన్సు దరువులూ బాగానే వేశారు. ఆ రోజుల్లో ఆఫ్రికా పాట అమ్ముడవ్వాలంటే అలా ఉండాలనుకున్నారు. లోకం ఆవిడ వైపు తిరిగింది మాత్రం వాటిని పక్కన పెట్టాకే. 1991లో వచ్చిన 'మార్ అజుల్'లో గిటార్లూ కవాకీన్యో మిగిలాయి, గొంతు ముందుకు వచ్చింది. మిందెలో బార్లో ఎలా ఉండేదో అలా. మరుసటి ఏడు 'మిస్ పెర్ఫుమాడో' మూడు లక్షలకు పైగా అమ్ముడైంది. 1993లో పారిస్ ఒలింపియా హాలు నిండింది. పాటకి ఏదో చేరిస్తే కాదు, అడ్డంగా ఉన్నవి తీసేస్తే జరిగింది ఇదంతా.

నాకు తోచింది ఒకటి. బార్లో వినేవాళ్లు నాలుగు మూరల దూరంలో కూర్చుంటారు. అక్కడ అరవక్కర్లేదు, అరిస్తే లేచిపోతారు. ఏళ్ల తరబడి ఆ దూరానికి పాడిన గొంతు, తర్వాత వేలమంది ఉన్న హాలులోనూ ఆ దూరాన్ని మార్చుకోలేదు. మైకు ఉంది కాబట్టి వెనక వరసకీ వినపడింది. ముందు వరసకి ఎంత దగ్గరగా పాడిందో వెనక వరసకీ అంతే. కచేరీ మధ్యలో వేదిక మీదే ఉన్న బల్ల దగ్గర కూర్చుని సిగరెట్టు కాల్చుకునేది, ఆలోపు వాద్యాలవాళ్లు వాయించేవాళ్లు. కొందరికి అది మర్యాద తక్కువగా అనిపించింది. నాకు మాత్రం ఆవిడ మిందెలో గదిని వెంటబెట్టుకొచ్చిందనే అనిపిస్తుంది.

ఆవిడ గురించి రాసిన ప్రతివాళ్లూ వట్టి పాదాల గురించి రాశారు. చెప్పులు లేకుండా వేదికెక్కేది నిజమే. పేదలకు తోడుగా నిలవడానికని కొందరన్నారు. పాదాలు చూస్తూ చాలామంది గొంతులోని పనితనాన్ని చూడలేదు. ఏ మాట దగ్గర ఊపిరి తీసుకోవాలో, ఏ మాటను సగంలో వదిలేస్తే వినేవాడే పూర్తి చేసుకుంటాడో ఆవిడకు తెలిసినట్టు తెలిసినవాళ్లు చాలా తక్కువ. అది పుట్టుకతో రాదు. పాడి పాడి, పాడకుండా పదేళ్లు కూర్చుని, మళ్లీ పాడితే వచ్చింది.

2004లో 'వోజ్ దమోర్'కి గ్రామీ వచ్చింది. అప్పుడు ఆవిడకు అరవై రెండేళ్లు. 2008లో పక్షవాతం, 2010లో గుండె ఆపరేషన్. 2011 సెప్టెంబరులో ఇక పాడనని చెప్పింది. ఆ డిసెంబరు 17న మిందెలోలోనే కన్నుమూసింది. పారిస్‌లో ఎన్ని కచేరీలు చేసినా ఆవిడ ఇల్లు ఆ ఊళ్లోనే. సావో విసెంటే విమానాశ్రయానికి ఇప్పుడు ఆవిడ పేరే. 2019 డిసెంబరులో మోర్నాను యునెస్కో మానవజాతి వారసత్వ జాబితాలో చేర్చింది.

ఇప్పుడు నా పిల్లలకి "గట్టిగా" అని చెప్పడం లేదు. ఎదురుగా కూర్చున్న ఒక్కరికి పాడమంటున్నాను, ఆ ఒక్కరికి మాట తెలిసేలా పాడమంటున్నాను. కొందరి తల్లిదండ్రులకు ఇది నచ్చలేదు, పోటీల్లో వెనకబడతారని భయం. వాళ్ల భయం నాకు అర్థమవుతుంది. అయినా నా పద్ధతి మార్చను.

చదివేవాళ్లకి ఒక మనవి. మీ ఇంట్లోనో మీ వీధిలోనో పాత పాటలు పాడే పెద్దావిడ ఉంటే ఈ ఆదివారం ఆవిడ దగ్గర కూర్చోండి. కీబోర్డు వద్దు, దరువు వద్దు. ఫోను ఒళ్లో పెట్టుకుని, ఆవిడ గొంతు ఉన్నది ఉన్నట్టుగా రికార్డు చేసుకోండి. మధ్యలో ఆవిడ ఆగితే ఆగనివ్వండి.