లీలావతి నుంచి వకుళ దాకా
(ముందుమాట)

తెలుగు టాకీకి తొలి కథానాయిక ఒక తల్లి. 1932 ఫిబ్రవరి 6న విడుదలైన భక్త ప్రహ్లాదలో సురభి కమలాబాయి వేసింది లీలావతి వేషం. అహోబిలం కొండ నీడన బతికే మాలాంటివాళ్లకు ఈ సంగతి ఇంకాస్త దగ్గరగా తగలాలి. అదిగో ఉక్కుస్తంభం, అక్కడే స్వామి వెలిశాడు అని పిల్లలకు చూపించే ఊళ్లు మావి. హిరణ్యకశిపుడు ఎట్లా గర్జించాడో, ప్రహ్లాదుడు ఏమని బదులిచ్చాడో ఆళ్లగడ్డ సందుల్లో ఎవరిని అడిగినా చెబుతారు. మొగుణ్ణి కాదనలేక, కొడుకును వదులుకోలేక ఆ ఇద్దరి నడుమ నలిగిన తల్లి ఏం మాట్లాడిందయ్యా అంటే మాత్రం తడుముకుంటారు. అట్లా తడుముకునే చోట నిలబడిన నటీమణుల గురించి మా ఆళ్లగడ్డ అమ్మాయి ఇంత పుస్తకం రాసింది. ముందుమాట రాయమని అడిగినప్పుడు పెద్దరికం కొద్దీ ఒప్పుకున్నాను. చదివాక ఇష్టంతో రాస్తున్నాను.

సహాయ నటి, క్యారెక్టర్ ఆర్టిస్టు, అమ్మ వేషాలావిడ అని ఏ పేరుతో పిలిచినా మన సినిమా చరిత్రల్లో వీళ్లకు దక్కేది చివరి పేరా. "తదితరులు" అన్న మాటలో ఎంతమంది జీవితాలు కలిసిపోయాయో! హీరోయిన్‌గా నాలుగేళ్లు వెలిగినవారికి అధ్యాయాలున్నాయి. నలభై ఏళ్లు కెమెరా ముందు నిలబడినవారికి పేజీ కూడా లేదు. సినిమాలో ఒక ఇల్లు ఇల్లులా కనిపించిందంటే అది వీళ్ల చలవే. హీరో గుమ్మంలోకి అడుగుపెట్టేసరికి ఆ ఇంట్లో పాతికేళ్లుగా ఎవరో కాపురం చేస్తున్నారని మనం నమ్మాలి. ఆ నమ్మకాన్ని రెండు చూపుల్లో, ఒక పిలుపులో పుట్టించాలి. నాకు తెలిసినంతలో నటనలో ఇంతకన్నా కష్టమైన పని లేదు.

కమలాబాయి అధ్యాయం మన కడప జిల్లా సురభి నాటక సమాజాల నుంచి మొదలుకావడం సబబు. 1885లో కీచకవధతో మొదలైన ఆ కుటుంబాల్లో ఆడవేషం ఆడవాళ్లే కట్టారు. తల్లి నాటకం ఆడుతుండగానే నొప్పులు వచ్చి కమలాబాయి పుట్టిందని చెప్పుకుంటారు. తొలి టాకీ నాయికగా పేరు పొందిన ఆమే, 1951 నాటికి పాతాళభైరవిలో తోటరాముడి తల్లి. ఆ సినిమా అనగానే మనకు మాంత్రికుడూ, రాకుమారీ గుర్తొస్తారు. తోటరాముడు సాహసానికి బయలుదేరుతుంటే మన గుండె ఎందుకు పీచుపీచుమంటుందో ఈ రచయిత్రి ఆ తల్లిని చూపించి చెప్పింది.

ఈ పుస్తకానికి ఆయువుపట్టు శాంతకుమారి అధ్యాయం. ఆళ్లగడ్డ నుంచి చాగలమర్రి, రాజుపాళెం మీదుగా పోతే ప్రొద్దుటూరు. నంద్యాల పక్కన పారే కుందూనే ఆ వైపు పొలాలు తడిపి పెన్నలో కలుస్తుంది. ఆ ప్రొద్దుటూరులో 1920లో పుట్టిన వెల్లాల సుబ్బమ్మే శాంతకుమారి. తండ్రి నటుడు, తల్లి గాయని. మద్రాసులో ప్రొఫెసర్ సాంబమూర్తి దగ్గర సంగీతం నేర్చుకుంది. డి.కె. పట్టమ్మాళ్ సహాధ్యాయి. 1936లో పి.వి. దాసు తీసిన శశిరేఖా పరిణయంతో తెరకెక్కి, మరుసటి ఏడే దర్శకుడు పి. పుల్లయ్యను పెళ్లాడింది.

1939లో పుల్లయ్య వేంకటేశ్వరుడి కథ తీశాడు. సి.ఎస్.ఆర్. ఆంజనేయులు స్వామి, శాంతకుమారి పద్మావతి. 1960లో అదే పుల్లయ్య అదే కథను మళ్లీ తీశాడు. ఇప్పుడు ఎన్.టి. రామారావు స్వామి, సావిత్రి పద్మావతి, శాంతకుమారి వకుళమాత. ఒకనాటి పద్మావతి, కొడుకు కోసం కొత్త పద్మావతిని అడగడానికి ఆకాశరాజు ఇంటికి సంబంధం మాట్లాడపోయే తల్లి అయింది. సొంత గొంతుతో పాడుకుంది కూడా. వకుళ గత జన్మలో యశోద. కృష్ణుడి పెళ్లి కళ్లారా చూడలేకపోయిన కొరత ఆమెది. ఆ కొరతంతా శాంతకుమారి కళ్లలోనూ పాటలోనూ ఉంటుంది. నాయిక పాత్రలు తప్పిపోయి తల్లి వేషాలకు దిగిందని కొందరు జాలిపడతారు. ఈ రచయిత్రి జాలిపడలేదు. పద్మావతి పాత్ర లోపల ఎట్లా ఉంటుందో ఎరిగిన మనిషి కాబట్టే వకుళను అట్లా చేయగలిగిందని వాదించింది. నేను ఒప్పుకుంటాను.

ఇంకొక లెక్క ఉంది. రామారావు, నాగేశ్వరరావుల కన్నా శాంతకుమారి మూడు నాలుగేళ్లే పెద్ద. అయినా ఇద్దరికీ తల్లి అయింది. నాగేశ్వరరావు కుర్రవాడిగా తొలిసారి తెర మీద కనిపించింది పుల్లయ్య తీసిన ధర్మపత్ని (1941)లో. ముప్పై ఏళ్ల తర్వాత ప్రేమ్‌నగర్ (1971)లో అతని తల్లి, జమీందారిణి, శాంతకుమారే. దాదాపు ఈడువాడిని కొడుకా అని పిలిచి, చూసేవాడి చేత అవును కొడుకే అనిపించడానికి జుట్టుకు తెల్లరంగు చాలదు. కూర్చునే తీరు మారాలి, మాట తూకం మారాలి, ఎదుటివాణ్ణి చూసే చూపు మారాలి.

ఆమెను కేవలం చల్లని తల్లిగా గుర్తుపెట్టుకున్నవాళ్లు గుణసుందరి కథ (1949) మళ్లీ చూడాలి. మన తాడిపత్రి కె.వి. రెడ్డి తీసిన ఆ సినిమాలో చెల్లెల్ని చులకన చేసే పెద్దక్క రూపసుందరి ఆమే. అర్ధాంగి (1955)లో సవతి తల్లి. నాలుగేళ్లకు జయభేరిలో మరిదిని బిడ్డలా పెంచిన వదిన. ఇన్ని రకాల ఆడవాళ్లను ఒక్క మనిషి మోసింది. రఘుపతి వెంకయ్య పురస్కారం పుల్లయ్యకూ వచ్చింది, ఆమెకూ వచ్చింది. 2006 జనవరిలో వెళ్లిపోయింది.

సూర్యకాంతాన్ని మాత్రం ఈ అమ్మాయి నాలుగు మాటల్లో దాటేసింది. అందరూ రాసిందే కదా అనుకుని ఉంటుంది. నాకది సరిపోలేదు. రామారావు, నాగేశ్వరరావు, రంగారావు, సావిత్రి ఉన్న సినిమాకు సహాయ నటి అయిన ఆమె పాత్ర పేరే పేరైంది. 1962 నాటి గుండమ్మ కథ అది. అట్లాంటిది ఇంకోసారి ఎందుకు జరగలేదన్న ప్రశ్నకు ఒక అధ్యాయం పట్టేది. రెండో ముద్రణలో చేర్చమని పెద్దవాడిగా అడుగుతున్నాను.

నాకు బాగా నచ్చినది, నన్ను బాధపెట్టినది కూడా, మన సీమ అధ్యాయం. ఆళ్లగడ్డ పక్క సిరివెళ్లలో పుట్టిన జయప్రకాశ్ రెడ్డి మన మాటను తెర మీదికి తీసుకుపోయాడు. పంతులు ఉద్యోగం, నాటకాల పిచ్చి, అలెగ్జాండర్ అనే ఏకపాత్ర నాటకాన్ని ఒక్కడే మోసిన దమ్ము ఆయనవి. ప్రేమించుకుందాం రా (1997), సమరసింహారెడ్డి (1999) వచ్చాక రాష్ట్రమంతా ఆయన యాసను అనుకరించింది. 2020 సెప్టెంబరులో ఆయన పోయినప్పుడు నంద్యాలలో మేమంతా సొంత మనిషిని పోగొట్టుకున్నట్టే బాధపడ్డాం. ఆ యాస ఆయన ఎవరి దగ్గర నేర్చుకున్నాడు? ఇంట్లో ఆడవాళ్ల దగ్గరే గదా! అయినా ఆ వరస సినిమాల్లో సీమ ఇంటి ఆడవాళ్లకు మిగిలింది ఏడుపూ, హారతి పళ్లెమూ. మొగవాళ్లు మన మాట మాట్లాడారు. తల్లులు, వదినలు మద్రాసు స్టూడియోల నాటి మాటే మాట్లాడారు. మా పక్క అత్తగారు కొడుకును కట్టడి చేయడానికి కన్నీళ్లు పెట్టుకోదు. ఒక్క మాట అంటుంది, ఆ ఇల్లంతా గమ్మునుంటుంది. అట్లాంటి వేషం మన నటికి దాదాపుగా దక్కలేదు. రచయిత్రి ఈ మాట ఎవరినీ నొప్పించకుండా, ఒక్కో సన్నివేశం చూపిస్తూ చెప్పింది. నేనైతే ఇంకా గట్టిగా అనేవాణ్ణి.

జర్మనీ నటి ఇంగె మైజెల్‌ను ఈ పుస్తకంలోకి ఎందుకు తెచ్చిందా అని మొదట అనుకున్నాను. చదివితే తెలిసింది. తండ్రి యూదుడైనందున నాజీల కాలంలో ఆమెకు రంగస్థలం మీద నిషేధం. యుద్ధం ముగిశాక తిరిగొచ్చి, నడివయసులో టీవీ తల్లి అయింది. 1965 నుంచి 1971 దాకా ఆమె ధారావాహికలో ఏడాదికొక భాగం, అదీ మాతృదినోత్సవం రోజున ప్రసారమయ్యేది. వంటింట్లో, మధ్యతరగతి వాటాలో, మొగుడితోనూ పిల్లలతోనూ సతమతమయ్యే మామూలు ఆడమనిషి వేషం. అక్కడి జనం ఆమెను దేశానికి తల్లి అన్నారు. తల్లి వేషం కేంద్రంగా కథ రాసేవాళ్లు దొరికితే ఏమవుతుందో చూపించడానికి ఈ ఉదాహరణ పనికొచ్చింది.

అమ్మా, నీకొక పని చెప్పి ముగిస్తాను. తిరునాళ్లలో పద్యనాటకం అంటే హార్మోనియం మాస్టరునూ, ఆడవేషాల ఆర్టిస్టులనూ పక్క ఊళ్ల నుంచి మాట్లాడుకుని తెచ్చే రోజులు ఇంకా పూర్తిగా పోలేదు. నంద్యాల, కోయిలకుంట్ల, ఆళ్లగడ్డ పల్లెల్లో రాత్రంతా చంద్రమతిగా, చింతామణిగా నిలబడి, తెల్లవారి బస్సుకు వెళ్లిపోయిన ఆడవాళ్లు ఉన్నారు. సినిమాలో వేసినవాళ్లకు కనీసం రీలు మిగిలింది, వీళ్లకు అదీ లేదు. కొందరు ఇంకా బతికే ఉన్నారు. వాళ్ల దగ్గరకు పో. ఏ నాటకంలో ఏ వేషం కట్టారో, ఎంత ఇచ్చారో, పసిబిడ్డను ఎవరి చేతిలో పెట్టి స్టేజీ ఎక్కారో అడిగి రాసుకో. రెండో సంపుటం అదే కావాలి. దానికి ముందుమాట ఎవరు రాసినా సరే, ఆలస్యం మాత్రం చేయొద్దు.

ఆశీస్సులతో,
నంద్యాల