ఒక్క రోజు విశాఖ

విశాఖలో రోజుకని కారు మాట్లాడుకుంటే డ్రైవరే గైడు. ఈ పనిలో అసలు విద్య వేళ చూసుకోవడం. తెల్లారగానే సింహాచలం, క్యూ పెరగకముందే. అక్కడి దేవుడు అప్పన్న ఏడాదంతా చందనం పూతలోనే ఉంటాడని, నిజరూపం అక్షయ తృతీయ నాడేనని దారిలోనే చెప్పేస్తాడు. లేకపోతే లోపలికెళ్లి వెతుక్కుంటాం.

తర్వాత భీమిలి రోడ్డు మీద తొట్లకొండ బౌద్ధ క్షేత్రం. వాన నీటి కోసం రాతిలో తొలిచిన తొట్లే ఆ పేరుకు మూలం. సాయంత్రం బీచ్ రోడ్డులో కురుసుర. 1969లో నౌకాదళంలో చేరి 2001లో విరమించిన జలాంతర్గామి అది, సోమవారం చూడనివ్వరు. ఆ సంగతి ముందు రోజే ఫోన్లో చెప్పినవాడు నా లెక్కలో సగం పని చేసినట్టే.

మాకు దొరికినాయన పోర్టు దగ్గర కారాపి మూడు కొండలు చూపించాడు. ఒకదాని మీద వెంకన్న గుడి, ఒకదాని మీద దర్గా, ఇంకోదాని మీద చర్చి.

"చూడండి బాబూ" అని ఊరుకున్నాడు. మాట ఆపుకోవడం కూడా విద్యే. చాలామంది గైడ్లకు అది పట్టుబడదు.

మీరు వెళ్తే ఆరింటికల్లా తయారుగా ఉండండి. మధ్యాహ్నం మీ డ్రైవర్ని కూడా మీ పక్కనే భోజనానికి కూర్చోబెట్టుకోండి.