వంద వాట్ల కాపలా

జానెడు చెక్క. దాని మీద ఒక హోల్డరు, ఒక స్విచ్చి, ఒక సాకెట్టు. హోల్డరులో వంద వాట్ల ఫిలమెంటు బల్బు. ముంబైలో కామాఠిపుర గల్లీల్లో గానీ వర్లీ బీడీడీ చాళ్ల దగ్గర గానీ మిక్సీలు, ఫ్యాన్లు బాగుచేసే దుకాణం ఉంటే అందులో ఇలాంటి చెక్క ఒకటి ఉండాల్సిందే. సిరీస్ బోర్డు అంటారు. ఆంపియర్లు కొలిచే మీటరు కొనక్కర్లేకుండా కరెంటు, వోల్టేజి, నిరోధం, పవరు నాలుగూ ఒక్కచోట కంటికి కనపడేలా చేసిన ఇంత చవకైన పనితనం ఇంకొకటి నాకు తెలియదు. బడి పుస్తకాల్లోని నీళ్ల టాంకు బొమ్మ కన్నా ఇదే మంచి పాఠం.

కిటుకంతా వైరు పోయే దారిలో ఉంది. ఫేజు నేరుగా సాకెట్టుకు పోదు. ముందు బల్బులోంచి దూరి, తర్వాతే సాకెట్టు చేరుతుంది. అక్కడ ఏ వస్తువు తగిలించినా దాని కరెంటు బల్బు గుండా రావాల్సిందే. సాకెట్టు రెండు కన్నాలనూ వైరు ముక్కతో కలిపేస్తే మామూలు పాయింటులో అయితే ఫ్యూజు ఎగురుతుంది. ఇక్కడ బల్బు నిండుగా వెలుగుతుంది, అంతే. 230 వోల్టుల దగ్గర వంద వాట్ల బల్బు నిరోధం 529 ఓములు, కాబట్టి ఎంత షార్టయినా, బల్బు వెలిగాక వైర్లలో 0.43 ఆంపియరుకు మించి పారదు.

ఇప్పుడు వెయ్యి వాట్ల ఇస్త్రీ పెట్టె తగిలించండి. దాని కాయిలు నిరోధం 53 ఓములే. రెండూ ఒకే వరుసలో ఉన్నాయి గనుక కరెంటు రెండింట్లోనూ ఒకటే, దాదాపు 0.4 ఆంపియరు. వోల్టేజి మాత్రం నిరోధాన్ని బట్టి పంచుకుంటాయి: బల్బుకు 209, ఇస్త్రీకి 21. వెయ్యి వాట్ల పెట్టె ఎనిమిది వాట్లతో గోరువెచ్చగా కూర్చుంటే, వంద వాట్ల బల్బు పెత్తనం చేస్తుంది. పెట్టె మీద రాసిన వాట్లు దాని సొంత ఆస్తి కాదని, 230 వోల్టులు అందితేనే అవి వస్తాయని ఇంతకన్నా సూటిగా ఎవరు చెప్పగలరు?

మెచ్చుకోవాల్సింది చెక్కను కాదు, దాన్ని చదివే కంటిని. బల్బు అసలు వెలగకపోతే లోపల ఎక్కడో దారి తెగింది, ఇది ఎవరికైనా తెలుస్తుంది. మంచి ఇస్త్రీకీ షార్టయిన ఇస్త్రీకీ తేడా మాత్రం ఆ వెలుగులో పాతిక ముప్ఫై శాతమే. అందుకే చేయి తిరిగినవాడు ముందు వైర్లు రెండూ కలిపి నిండు వెలుగు ఒకసారి చూసుకుని, అది కళ్లలో ఉండగానే పెట్టె తగిలిస్తాడు. సీలింగ్ ఫ్యాను అయితే బల్బు మసకగా ఉండాలి. లోపల కొన్ని చుట్లు కాలి కలిసిపోతే వెలుగు పెరుగుతుంది. ఈ కాపలాకు తగినది ఫిలమెంటే: చల్లగా ఉన్నప్పుడు దాని నిరోధం నలభై ఓముల దరిదాపుల్లోనే ఉండి, వేడెక్కిన కొద్దీ పది రెట్లు దాటి పెరుగుతుంది. ఎల్‌ఈడీ బల్బు ఇందుకు పనికిరాదు, దాని లోపలి సర్క్యూటు తన లెక్క తను చూసుకుంటుంది. అందుకే లోహార్ చాల్ బజారులో పాత రకం బల్బు కోసం అడిగేవాళ్లు ఇంకా ఉన్నారు.

ఒకచోట నిరోధాన్ని కావాలని పెట్టే ఈ పనివాడే మరోచోట దాన్ని రవ్వంత కూడా ఉండనివ్వడు. పాత చాళ్లలో మీటర్లన్నీ మెట్ల కింద ఒకేచోట ఉండి, ఒక్కో ఖోలీకి, అంటే గదికి, వైరు మేడ మీదికి పాకుతుంది. పోనూ రానూ యాభై మీటర్లు అనుకోండి. ముంబై మేస్త్రీలు ‘డేఢ్’ అనే 1.5 చదరపు మిల్లీమీటర్ల రాగి వైరులో పది ఆంపియర్లు పారితే దారిలోనే 5.7 వోల్టులు పోతాయి, అంటే 57 వాట్లు గోడను వెచ్చబెడతాయి. ‘ఢాయీ’, అంటే రెండున్నరది, వేస్తే 34 వాట్లే. పాత టేకు బద్దల మీద సమానమైన ఎడంతో కొట్టిన రేకు క్లిప్పులు, మూలల దగ్గర వైరును మడవకుండా వంచి తిప్పిన తీరు చూస్తే కొలబద్ద పట్టారా అనిపిస్తుంది. జాయింటు దగ్గర ఇంకా జాగ్రత్త: రాగి మెరిసేదాకా గీకి, గట్టిగా మెలిపెట్టి, అప్పుడే టేపు. వదులు జాయింటులో అర ఓము చాలు, పది ఆంపియర్లకు యాభై వాట్ల వేడి ఒక్క చుక్కలో పుడుతుంది. వైరు పొడవునా పరచుకున్న 57 వాట్ల కన్నా ఈ యాభయ్యే ప్రమాదం.

కామాఠిపుర పేట పేరే కట్టడం పనికి నిజాం రాజ్యం నుంచి వచ్చిన తెలుగు కామాఠీలది. గోడలు ముందు లేచాయి, కరెంటు తర్వాత ఎక్కింది. 1905లో పుట్టిన బెస్ట్ కంపెనీ 1907లో ఎలక్ట్రిక్ ట్రాము నడిపి, 1947లో మునిసిపాలిటీ చేతికి వచ్చింది. నేటికీ ఈ ఖోలీల బిల్లు పంపేది ఆ బెస్టే.

ఇస్త్రీ రిపేరు అయ్యాక ఈ బోర్డుతోనే ఆఖరి పరీక్ష ఒకటుంది. సిరీస్ ఫేజును ప్లగ్గు పిన్నుకీ, రెండో కొసను ఇస్త్రీ రేకుకీ ఆనిస్తారు. బల్బు వెలగకూడదు. వెలగలేదు కదా అని ఊరుకుంటే మాత్రం తప్పే. ఇళ్లలో ప్రాణరక్షణకు పెట్టే ఆర్‌సీసీబీ 30 మిల్లీ ఆంపియర్ల లీకుకే పడిపోతుంది, అంత తక్కువ కరెంటుకు ఈ ఫిలమెంటు ఎర్రబడనైనా ఎర్రబడదు. చేయి తగిలితే బల్బు అడ్డుపడదు కూడా: ఒంటి నిరోధం ముందు దాని నిరోధం లెక్కలోకి రాదు. చెమ్మ పట్టిన కాయిలు సంగతి తేల్చాలంటే బోర్డు పక్కన పెట్టి ఇన్సులేషను కొలిచే మెగ్గర్ తీయాలి.