కెమెరా ముందు కీర్తికాంక్ష: ‘కిడ్ ఆటో రేసెస్ ఎట్ వెనిస్’ (1914)

కీస్టోన్ సంస్థ నిర్మించి, హెన్రీ లేర్మన్ దర్శకత్వం వహించిన మూకీ హాస్యచిత్రం ‘కిడ్ ఆటో రేసెస్ ఎట్ వెనిస్’ 1914 ఫిబ్రవరి 7న విడుదలైంది. చార్లీ చాప్లిన్ దేశదిమ్మరి పాత్ర ప్రేక్షకులకు తొలిసారి కనిపించింది ఇందులోనే. అందువల్ల దీనిని ఒక మహానటుని ఆవిర్భావ ఘట్టంగా చూడడం పరిపాటి. ఆ చూపులో, ప్రచారకాంక్షపై ఈ చిత్రం చేసిన విమర్శ మరుగున పడుతుంది.

ఇతివృత్తం స్వల్పం. కాలిఫోర్నియాలోని వెనిస్‌లో పిల్లల చిన్న కార్ల పందెం జరుగుతుంటుంది. దానిని చిత్రీకరించడానికి ఒక దర్శకుడు, ఒక ఛాయాగ్రాహకుడు వస్తారు. దేశదిమ్మరి మాటిమాటికీ కెమెరాకు అడ్డుతగులుతాడు. నెట్టివేసినా, తన్నినా తిరిగి వచ్చి నిలబడతాడు. పందెం నిజమైనది, చుట్టూ ఉన్న జనమూ నిజమైన ప్రేక్షకులే.

ఇక్కడ పనిచేస్తున్నవి రెండు కెమెరాలు. ఒకటి కథలో కనిపించేది. మరొకటి ఆ కథను చిత్రిస్తూ తాను కనిపించనిది. మొదటిదానికి దేశదిమ్మరి విఘ్నం. రెండవదానికి అతడే వస్తువు. గెంటివేసిన ప్రతిసారీ హాస్యచిత్రానికి ఒక సన్నివేశం సమకూరుతుంది. తెరపై దర్శకునిగా నటించినది లేర్మనే. అంటే చాప్లిన్‌ను కెమెరా ముందు నిలిపినవాడే అతణ్ణి కెమెరా ముందు నుంచి తరుముతున్నాడు. తిరస్కారమే ప్రచారమవుతున్న తీరు ఇందులో స్పష్టం.

దేశదిమ్మరి పందెంలో పాల్గొనడు; ఏ విద్యనూ ప్రదర్శించడు. తనను చూడాలన్నదొక్కటే అతని కోరిక. కీర్తి యోగ్యతకు ఫలమనే సంప్రదాయ భావన ఇక్కడ తలకిందులవుతుంది. పందెం చూడవచ్చిన జనంలో కొందరి చూపులు క్రమంగా అతనివైపు మళ్లుతాయి, నవ్వులు మొదలవుతాయి. ఆ నవ్వులు నటులవి కావు గనుక, చిత్రం తన వాదానికి సాక్ష్యాన్ని వీధిలోనే సేకరించుకున్నట్లయింది.

1916లో మ్యూచువల్ సంస్థ చాప్లిన్‌కు ఏడాదికి 6,70,000 డాలర్ల ప్రతిఫలం ఇవ్వడానికి అంగీకరించింది. ఈ పరిణామాన్ని ఎరిగిన మనం చిత్రాన్ని భవిష్యవాణిగా చదవడం సహజమే కాని, సమంజసం కాదు. చాప్లిన్ కీర్తికి మూలం అభినయ కౌశలం. దేశదిమ్మరికి లేనిది సరిగ్గా అదే. కౌశలం లేనివాణ్ణి చూపడానికి ఎంతో కౌశలం కావలసివచ్చింది. నటుణ్ణి, పాత్రను ఒకటిగా చూస్తే ఈ వ్యంగ్యం నశిస్తుంది.

చివరి సమీపదృశ్యంలో అతడు కెమెరాకు ముఖం ఆనించినంత దగ్గరై వికృతంగా హావభావాలు చూపుతాడు. కోరుకున్న తెర పూర్తిగా అతని వశమైంది. అయితే అక్కడ చూపడానికి అతని వద్ద ఆ ముఖం తప్ప మరేమీ లేదు.