వానకొరకైన ఉపవాసము - ఒక యూదు గ్రంథము

వానలు తప్పినప్పుడు మన అనంతపురము సీమలో సంఘములు ఉపవాసముండి ప్రార్థించుట కలదు. యూదుల ధర్మశాస్త్ర చర్చల సంపుటియగు తల్మూదులో ‘తానీతు’, అనగా ఉపవాసము, అను భాగము ముఖ్యముగా ఈ సంగతిని గూర్చినదే. తల్మూదును సంపూర్ణముగా 1520-1523లో వెనీసు పట్టణమున అచ్చువేసినవాడు దానియేలు బోంబెర్గు అను క్రైస్తవుడు. నడుమ మూలము, చుట్టును వ్యాఖ్యానములు. అతని పుటల లెక్కయే నేటికిని వాడుకలో నున్నది. అట్టి గ్రంథమును 1553లో రోమా క్రైస్తవాధికారులు తగులబెట్టించిరి.

వాక్యము మిక్కిలి క్లుప్తము, వాదము చిక్కు; వ్యాఖ్యానము లేనిదే చదువు సాగదు. ఇది దాని కొరత. అయినను అందొక పెద్ద ఉపవాసులకు చేయు బోధ చూడుడి: నీనెవె వారి గోనెపట్టను, ఉపవాసమును గాక, వారు దుర్మార్గము విడుచుటనే దేవుడు లక్ష్యపెట్టెనట. మనవారు కాల్చిన పుటయే మనలను గద్దించుచున్నది. పొరుగువానిని తన బావిలో కడవెడు నీళ్లు తోడుకొననియ్యనివాడు వానకై ఏ ముఖముతో మోకరించును?